రెప్లికా కుర్చీలో కూర్చుంటే నటన వదిలేసినట్టేనా అక్కా?

ఈసారి ఉత్తరం మెక్సికోలో గ్వాదలహారా నుంచి వచ్చింది. పేరు వద్దంది కాబట్టి 'ఎన్' అని పెడుతున్నా, కాస్త కుదించాను:

"అక్కా, నాకు 33. మా ఆయన ఐటీ, ప్రాజెక్టు మీద ఇక్కడికొచ్చి నాలుగేళ్ళయింది. హైదరాబాద్‌లో ఆరేళ్ళు థియేటర్ చేశా, రెండు సీరియల్స్‌లో చిన్న వేషాలు వేశా. ఇక్కడ స్పానిష్ నేర్చుకుని యాడ్స్‌కీ సినిమాలకీ ఆడిషన్లు ఇస్తున్నా. ఇప్పటికి వచ్చినవి ఐదు, ఐదిట్లోనూ 'ఇందూ' అమ్మాయినే, రెండిట్లో బొట్టు పెట్టి చేతులు జోడించమన్నారు. మొన్న మెక్సికో సిటీలో వేషాలకి నటుల్ని వెతికిపెట్టే ఒక కాస్టింగ్ ఆఫీసావిడ, నీ వేషం సంగతి తర్వాత చూద్దాం గానీ నువ్వు ఎదుటివాళ్ళకి డైలాగ్ అందించే పద్ధతి బావుంది, నా దగ్గర పని చేస్తావా అని అడిగింది. మా ఆయన చెయ్యమంటున్నాడు. అమ్మకి ఫోన్లో చెప్తే 'అంటే ఇంక నటించవా' అని ఏడ్చినంత పని చేసింది. నాకూ ఓడిపోయినట్టే ఉంది. నటులు కాస్టింగ్‌లోకి వెళ్తే అది ఎదగడమా, పక్కకి తప్పుకోవడమా? ఇక్కడి సినిమాలో ఆ బతుకు ఎలా ఉంటుంది?"

ఎన్, 'ఐదిట్లోనూ ఇందూ అమ్మాయినే' అన్న దగ్గర నాకు నవ్వాగలేదు, ఎందుకంటే నా లెక్క ఏడు. మెక్సికో తెలియనివాళ్ళ కోసం చెప్తున్నా, ఇక్కడ ఇండియా నుంచి వచ్చినవాళ్ళు ముస్లిమ్ అయినా క్రిస్టియన్ అయినా సర్దార్జీ అయినా అందర్నీ 'ఇందూ' అనే అంటారు, రాసేటప్పుడు ముందు హెచ్ ఉంటుంది గానీ పలకరు, మతంతో పని లేదు, ఇండియా మనిషి అని చెప్పడానికి అలా వాడేస్తారంతే. నా ఏడిట్లో మూడు యోగా టీచర్లు, ఇద్దరు డాక్టర్లు, ఒక జ్యోతిష్కురాలు, ఒకటేమో కంప్యూటర్ కంపెనీ రిసెప్షన్‌లో నమస్తే పెట్టే మనిషి. రాజమండ్రిలో పరిషత్ నాటకాలాడి జనం చేత కన్నీళ్ళు పెట్టించి వచ్చినదాన్ని, ఇక్కడ వేషాలేసిన ఆరేళ్ళలో నాకు దక్కిన పెద్ద డైలాగ్ "గాలి లోపలికి పీల్చండి".

ఇంక అసలు సంగతికొస్తా. నేను ఆ కుర్చీలోకి ఎలా వచ్చానో చెప్తే నీ ప్రశ్నలో సగం తీరుతుంది. 2011లో ఒక సినిమాలో మందుల షాపు మనిషి వేషానికి ఆడిషన్‌కి వెళ్ళా, ఆ రోజు రెప్లికా ఇచ్చే కుర్రాడు రాలేదు. రెప్లికా అంటే తెలియనివాళ్ళకి, ఆడిషన్‌లో వేషం కోసం వచ్చిన మనిషి కెమెరా ముందు గుర్తు పెట్టిన చోట నిలబడితే లెన్సు పక్కనే ఒకళ్ళు కూర్చుని అవతలి పాత్ర డైలాగులన్నీ చెప్పాలి, భర్త వేషానికి వచ్చినవాడికి భార్యగా, దొంగ వేషానికి వచ్చినవాడికి పోలీసుగా, అలా సాయంత్రం దాకా, వీడియోలో వాళ్ళ మొహం ఎప్పుడూ రాదు గొంతు మాత్రమే వస్తుంది. మన నాటకాల్లో డైలాగ్ అందించడం అంటాం కదా అదే. ఆఫీసావిడ చుట్టూ చూసి, నీకు స్క్రిప్టు వచ్చు కదా కాసేపు కూర్చో అంది. పొద్దున పదకొండుకి కూర్చున్నదాన్ని రాత్రి ఎనిమిదికి లేచా. మందుల షాపు వేషం వేరే ఆవిడకి వెళ్ళింది, వారం తర్వాత ఫోన్ నాకు వచ్చింది.

ఆ మొదటి రోజుల్లో నేను చేసిన తప్పు చెప్తా విను, నువ్వూ చేస్తావు, నటులందరూ చేస్తారు. నేను కుర్చీలో కూర్చుని నటించేసేదాన్ని. ఏడుపు సీన్ వస్తే ఎదురుగా ఉన్న పిల్ల కంటే ముందు నేనే ఏడ్చేసేదాన్ని, ఆ పిల్ల పాపం బెదిరిపోయి నన్ను చూస్తూ డైలాగ్ మర్చిపోయేది. మూడో రోజు ఆవిడ కెమెరా ఆపి మెల్లిగా అడిగింది, ఇక్కడ నిన్నెవరు చూస్తున్నారు అని. కోపంగా కాదు, నిజంగానే తెలుసుకోవాలన్నట్టు అడిగింది. ఆ రాత్రి మెట్రోలో ఇంటికెళ్తూ చాలా సేపు ఏడ్చాను, కానీ మర్నాడు వెళ్ళి మాటల్లో బరువు తగ్గించి అవతలి మనిషి ఎక్కడ ఊపిరి తీసుకుంటోందో చూస్తూ చదివా, చదువుతుంటే మొదటిసారి ఒక సంగతి కనబడింది, అంతకుముందు పన్నెండేళ్ళు వేషాలేసినా నేనెప్పుడూ ఎదుటి నటుణ్ణి అంత దగ్గరగా చూడలేదు.

అందుకే నీకు నేనిచ్చే పరీక్ష ఒక్కటే. ఒక ఆరు నెలలు ఆ కుర్చీలో కూర్చో. ఎవరైనా నీకంటే బాగా చేస్తే, నువ్వు వేద్దామనుకున్న వేషమే ఇంకా బాగా చేస్తే, నీ కడుపులో ఏమవుతోందో చూసుకో. మొదటి నెల మండుతుంది, అది మామూలే. ఆరో నెల కూడా అలాగే మండుతుంటే వదిలేసి వెళ్ళి నటించు, అది నీ జబ్బు, దానికి మందు వేషమే. అలా కాకుండా ఎవరో బాగా చేసినప్పుడు పక్క గదిలోకి పరుగెత్తి 'వచ్చి చూడండి, వచ్చి చూడండి' అనాలనిపించిందనుకో, అప్పుడు నువ్వు ఈ పనికి పుట్టిన మనిషివే, అమ్మ ఏడ్చినా సరే.

ఎదగడమా తప్పుకోవడమా అన్నావు. ఆ మాట వినగానే లిన్ స్టాల్‌మాస్టర్ గుర్తొచ్చాడు. అమెరికాలో 1951లో యుద్ధం సినిమాల్లో చిన్నాచితకా వేషాలు వేసిన నటుడాయన, తర్వాత కాస్టింగ్‌లోకి వెళ్ళి వందల సినిమాలకి మనుషుల్ని వెతికిపెట్టాడు, 2016లో ఆయనకి గౌరవ ఆస్కార్ ఇచ్చారు. కాస్టింగ్ మనిషికి ఆస్కార్ రావడం అదే మొదలు. కెమెరామెన్‌కి 1929లో జరిగిన మొదటి వేడుక నుంచే అవార్డు ఉంది, కాస్టింగ్ వాళ్ళకి అకాడమీలో సొంత విభాగం 2013లో వచ్చింది, పోటీ అవార్డు పెడతామని 2024లో ప్రకటించి 2026 వేడుక నుంచి మొదలుపెట్టారు. అంటే సుమారు తొంభై ఏడేళ్ళు పట్టింది. కాబట్టి మీ అమ్మకి అర్థం కాలేదంటే ఆవిడ తప్పేం లేదు, ఆస్కార్ వాళ్ళకే అర్థం కాలేదు ఇన్నాళ్ళూ.

మెక్సికోలో నేను చూసిన కాస్టింగ్ ఆఫీసుల్లో సగానికి పైగా మనుషులు నటన స్కూళ్ళ నుంచి వచ్చినవాళ్ళే. టెలివిసా టీవీ వాళ్ళ స్కూలు, కాసాసుల్, నేషనల్ థియేటర్ స్కూలు, ఉనామ్ యూనివర్సిటీ థియేటర్ సెంటర్, ఇలా ఎక్కడో కొన్నేళ్ళు ఒళ్ళు వంచి నేర్చుకుని, బయటికొచ్చి ఒక టెలినోవెలాలో, అంటే టీవీ సీరియల్లో, పనిమనిషి, ఇంకోదాంట్లో డ్రైవర్, అలా తిరిగి తిరిగి అద్దె కట్టుకోవడానికి రెప్లికా ఇవ్వడానికి వచ్చి ఉండిపోయినవాళ్ళు. ఏడాదికి ఇక్కడ 200 పైనే సినిమాలు తయారవుతాయి, వాటిల్లో సగం థియేటర్ మొహం చూడవనుకో అది వేరే ఏడుపు, దానికి తోడు సిరీస్‌లు, అమెరికా వాళ్ళ యాడ్స్. నెట్‌ఫ్లిక్స్ ఒక్కటే 2025లో వచ్చే నాలుగేళ్ళకి 100 కోట్ల డాలర్లు ఇక్కడ పెడతామని ప్రెసిడెంట్ పక్కన నిలబడి ప్రకటించింది. పని ఉంది. నటుడికి ఉన్నంత కరువు ఈ పక్కన లేదు.

పని అంటే ఏంటో చెప్పాలి, బయటివాళ్ళకి అపోహ ఎక్కువ. నువ్వు ఎంచుకోవు. డైరెక్టర్ ఎంచుకుంటాడు, చాలాసార్లు నిర్మాత, యాడ్ అయితే సబ్బు కంపెనీలో ఎవరో ముగ్గురు. నువ్వు చేసేదల్లా వాళ్ళు అడగని మనిషిని వాళ్ళ ముందుకి తేవడం. స్క్రిప్టు చదువుతావు, డైరెక్టర్‌తో కూర్చుంటావు, అతను 'నలభై ఏళ్ళ మనిషి, అలిసిపోయినట్టుండాలి' అంటాడు, అలిసిపోవడంలో ఎన్ని రకాలున్నాయో నటులకి తెలుసు కదా, అక్కడే నీ పాత చదువు పనికొస్తుంది. రాత్రి చిన్న చిన్న నాటకాలకి పోవాలి, కాలేజీ పిల్లల షార్ట్ ఫిల్ములు చూడాలి, మొహాలు గుర్తుపెట్టుకోవాలి. నటుడు గాయెల్ గార్సియా బెర్నాల్‌ని 2000లో 'అమోరెస్ పెర్రోస్' అనే కుక్కల పందేల సినిమాలో ప్రపంచం కనిపెట్టింది అనుకుంటారు, కానీ అతనూ, ఇంకో నటుడు దియెగో లూనా 1992లోనే పిల్లల టెలినోవెలాలో చేశారు, ఇక్కడ ఇళ్ళల్లో అమ్మలందరికీ ఆ మొహాలు తెలుసు. కనిపెట్టడం అనేదాంట్లో ముప్పావు వంతు గుర్తుంచుకోవడమే.

మిగతా పావు మాత్రం నిజంగా వెతుకులాటే, అక్కడ 'రోమా' సినిమా సంగతి చెప్పకుండా ఉండలేను. అల్ఫోన్సో క్వారోన్ తనని పెంచిన ఆయా లీబో కథ తీద్దామనుకున్నాడు, ఆవిడ వహాకా రాష్ట్రంలో పల్లెటూరు నుంచి వచ్చిన మిష్టెక్ ఆదివాసీ మనిషి. కాస్టింగ్ చూసింది లూయిస్ రోసాలెస్. స్టార్లని అడిగితే వచ్చేవాళ్ళే, కానీ కాస్టింగ్ వాళ్ళు ఊళ్ళమ్మట పడ్డారు, నెలల తరబడి. అలా వహాకా కొండల్లో త్లాహియాకో అనే ఊరికి వచ్చారు, డైరెక్టర్ ఎవరో సినిమా ఏంటో బయటికి చెప్పలేదు. అక్కడ ఎదిత్ అనే అమ్మాయికి వెళ్ళాలని ఉంది కానీ నిండు గర్భిణి, అందుకని చెల్లెల్ని, నువ్వెళ్ళి అక్కడేం అడుగుతున్నారో వచ్చి చెప్పు అని తోసింది. ఆ చెల్లెలు యలిత్సా అపారిసియో, చిన్నపిల్లలకి టీచర్ అవుదామని చదువుతోంది, నటన అంటే తెలియదు, క్వారోన్ ఎవరో తెలియదు, పైగా ఇదంతా ఆడపిల్లల్ని ఎత్తుకుపోయే ముఠా పనేమో అని భయపడ్డారు ఇంట్లో. భయపడడంలో తప్పు లేదు, ఇక్కడ అలాంటివి జరుగుతాయి. ఆ అమ్మాయి 2019లో బెస్ట్ యాక్ట్రెస్ ఆస్కార్‌కి నామినేట్ అయింది. మెక్సికో ఆదివాసీ మహిళల్లో ఆ చోటు దాకా వెళ్ళింది తనొక్కతే. ఇంకో పనమ్మాయిగా చేసింది తన స్నేహితురాలు నాన్సీ గార్సియా, నాన్సీకి మిష్టెక్ భాష వచ్చు, యలిత్సాకి రాదు, స్నేహితురాలి దగ్గరే నేర్చుకుంది.

దీన్నుంచి నేను తీసుకున్న పాఠం ఆ మెరిసే కథ కాదు. ఆ ఊళ్ళో ఆ గదిలో ఒక కాస్టింగ్ మనిషి కూర్చుని, ఇష్టం లేకుండా సిగ్గుగా వచ్చిన పిల్లని కూర్చోబెట్టి మాట్లాడించాడు చూడు, నాకు కావాల్సింది ఆ పావుగంట. నటన రాని మనిషిని మాట్లాడించడం ఎలాగో ఒకప్పుడు కెమెరా ముందు కాళ్ళు వణికినవాళ్ళకే బాగా తెలుస్తుందని నా నమ్మకం. 'నీకిష్టమైన నటి ఎవరు' అని అడిగితే ఆ పిల్లలు బిగుసుకుపోతారు. మీ ఇంట్లో పొద్దున్నే ముందు ఎవరు లేస్తారు, పొయ్యి ఎవరు ముట్టిస్తారు అని అడుగు, చేతులు వాటంతటవే కదులుతాయి. నేను మా మేనత్తలతో మాట్లాడే పద్ధతి అది, స్పానిష్‌లో కూడా బ్రహ్మాండంగా పనిచేస్తుంది.

2013లో వచ్చిన 'లా హౌలా దె ఓరో' కూడా చూడు వీలైతే, అమెరికా వైపు సరుకు రైళ్ళెక్కి పోయే పిల్లల కథ, ప్రొఫెషనల్స్ ఎవరూ కాదు, వాళ్ళతో అంత బాగా చేయించినందుకు కాన్ ఫిల్మ్ ఫెస్టివల్‌లో ఆ డైరెక్టర్‌కి బహుమతి ఇచ్చారు. అందులో సోట్సిల్ ఆదివాసీ కుర్రాడికి స్పానిష్ రాదు, సినిమా అంతా అతని మాట మనకి అర్థం కాదు, అయినా ఒక్క క్షణం కూడా ఆ మొహం నుంచి చూపు తిప్పుకోలేం.

ఇప్పుడు చేదు సంగతి. నువ్వు ఆ ఆఫీసులో చేరిన మొదటి వారంలోనే యాడ్ కాస్టింగ్ కాగితం మీద 'లతీనో ఇంతెర్నాసియోనాల్' అన్న మాట చూస్తావు. అంతర్జాతీయ లాటినో అని అర్థం, చెప్పకుండా చెప్పేదేంటంటే తెల్లగా ఉండాలి, జుట్టు గోధుమ రంగైతే మంచిది, మెక్సికన్ అని తెలియకూడదు. 2013లో ఒక విమాన సంస్థ యాడ్ కాగితంలో అయితే నల్లగా ఉన్నవాళ్ళు వద్దు అని నేరుగానే రాసేశారు, అది బయటపడి గొడవై వాళ్ళు క్షమాపణ చెప్పుకున్నారు. దేశంలో జనం ఎక్కువ చామనఛాయ, టీవీ పెడితే స్పెయిన్‌లో ఉన్నామా అనిపిస్తుంది. మనకేం కొత్త కాదులే, ముంబై నుంచి తెచ్చిన తెల్లమ్మాయికి గోదావరి యాస డబ్బింగ్ చెప్పించే ఇండస్ట్రీ నుంచి వచ్చినవాళ్ళం. యలిత్సాకి నామినేషన్ వచ్చిన తర్వాతి నెలలోనే ఒక సీనియర్ టీవీ నటుడు పార్టీలో ఆమెని 'ఇండియా' అని తిడుతూ దొరికిపోయాడు, ఇక్కడ ఆ మాటకి ఆదివాసీది అని, తిట్టు. 2021లో కొంతమంది నటులు కలిసి 'పోదెర్ ప్రియెతో' అని సంఘం పెట్టారు, ప్రియెతో అంటే నల్లోడు అని వెక్కిరించే మాట, దాన్నే తలెత్తుకుని పెట్టుకున్నారు. కాస్త మారింది. కాగితం మీద మాట మారింది, 'అన్ని రంగులూ రావచ్చు' అని రాస్తారు, చివరికి వెళ్ళేది మళ్ళీ ఆ గోధుమ జుట్టే చాలాసార్లు.

నువ్వేం చేస్తావు అప్పుడు? నేను చేసేది చెప్తా, గొప్ప విప్లవమేం కాదు. అడిగినవాళ్ళని పదిమందిని పంపిస్తా, పదకొండో మనిషిగా అడగనివాళ్ళని ఒకళ్ళని పెడతా, ఆ వీడియో మాత్రం అందరికంటే జాగ్రత్తగా తీస్తా, లైటు బాగా పెట్టి, రెప్లికా నేనే ఇచ్చి. పదిసార్లలో ఒకసారి ఆ పదకొండో మనిషికి వస్తుంది. ఒక్కసారి మాత్రం అలా పెట్టినందుకు క్లయింట్ మా ఆఫీసునే మార్చేశాడు, ఆ నెల జీతం ఆలస్యమైంది, మా ఆఫీసావిడ నన్నేమీ అనలేదు.

నింద కూడా నీకే పడుతుంది, అది కూడా తెలిసి రా. 'ఎమిలియా పెరెస్' సినిమా సంగతి గుర్తుందా, మెక్సికోలో జరిగే కథ, తీసింది ఫ్రాన్స్‌లో, 2024లో కాన్‌లో నలుగురు ఆడవాళ్ళకి కలిపి బెస్ట్ యాక్ట్రెస్ ఇస్తే అందులో మెక్సికన్ ఆద్రియానా పాస్ ఒక్కతే. మెక్సికోలోనూ వెతికామని కాస్టింగ్ వాళ్ళు చెప్పుకుంటే ఇక్కడ జనం మండిపడ్డారు, ఇంత దేశంలో మీకు ఇద్దరు నటీమణులు దొరకలేదా అని. స్టార్ ఉంటేనే డబ్బు పుడుతుంది అన్న లెక్క వేరేవాళ్ళది అయినా తిట్లు మాత్రం వెతికినవాళ్ళకే. సినిమా బావుంటే డైరెక్టర్ కన్ను గొప్పది, బాలేకపోతే కాస్టింగ్ తప్పు. కొత్త కోడలు వంట లాంటిది ఈ ఉద్యోగం.

నటన పోతుందా అని కదా అమ్మ బాధ. అబద్ధం చెప్పను, చాలావరకు పోతుంది. మిగతా ఆఫీసులు నిన్ను పిలవడం తగ్గిస్తాయి, పోటీ ఆఫీసు మనిషివి కదా. మీ ఆఫీసులో సినిమాకి నువ్వే వేషం వేసుకుంటే మర్యాద పోతుంది, ఆ పని ఒక్కసారి కూడా చెయ్యకు, ఖాళీగా ఉన్న వేషం కళ్ళ ముందు ఊగుతున్నా సరే, వెయిటింగ్ రూమ్‌లో కూర్చున్న నలభైమంది నీ మొహం గుర్తుపెట్టుకుంటారు. నేను ఈ పద్నాలుగేళ్ళలో వేసినవి రెండు, రెండూ స్నేహితుల సినిమాలు, రెండిట్లోనూ ఇందూ కాదు. ఒకదాంట్లో వేరాక్రూస్ చేపల మార్కెట్లో చేపలమ్మేదాన్ని, మాటల్లేవు, చేప పొలుసు తీయాలి. మా ఊళ్ళో పులస తోమిన చెయ్యి, టేక్ ఒకటే.

ఇంక పనికొచ్చే మాటలు గబగబా చెప్పేస్తా. నువ్వు ఆయన వీసా మీద వచ్చి ఉంటే నీ కార్డులో పని చేసే అనుమతి ఉందో లేదో ముందు చూసుకో, లేకపోతే ఇమిగ్రేషన్ ఆఫీసులో పర్మిషన్‌కి అప్లై చెయ్యాలి, టాక్స్ ఆఫీసులో ఆర్‌ఎఫ్‌సీ అనే పన్ను నంబరు కూడా తీసుకోవాలి, ఆ నంబరు లేకపోతే ఫక్తూరా, అంటే బిల్లు, ఇవ్వలేవు, ఫక్తూరా ఇవ్వలేకపోతే డబ్బు రాదు, ఇక్కడ ఈ ఫీల్డులో ఎక్కువమంది ఉద్యోగులు కాదు, బిల్లు ఇచ్చి డబ్బు తీసుకునేవాళ్ళే. యాడ్ డబ్బులు మూడు నెలలకి గానీ రావు, అందుకని మొదట్లో ఆయన జీతం మీద ఇల్లు నడుస్తుందని ఇద్దరూ ముందే మాట్లాడుకోండి, తర్వాత గొడవలొద్దు. ఉత్తరంలో రాయలేదు గానీ ఆఫీసు మెక్సికో సిటీలో, ఇల్లు గ్వాదలహారాలో, బస్సులో ఏడు గంటలు. ఇప్పుడు మొదటి రౌండు అంతా ఇంటి నుంచి పంపే వీడియోలే కాబట్టి వాటిని చూసి వడపోసే పని అక్కడి నుంచే చెయ్యొచ్చు, కానీ రెప్లికా మాత్రం గదిలో కూర్చునే నేర్చుకోవాలి, మొదటి ఆరు నెలలు నెలకి రెండు వారాలు వస్తానని అడుగు. మా కొలోనియాలో, అంటే మా పేటలో, తక్కువకి గదులు దొరుకుతాయి, ఆ సంగతి నాకు వదిలెయ్.

నటుల దగ్గర డబ్బు తీసుకునే ఆఫీసైతే, ఫోటో బుక్ కనో రిజిస్ట్రేషన్ కనో, ఆ గుమ్మం తొక్కకు. డబ్బు సినిమా కంపెనీ దగ్గర్నుంచి రావాలి, వేషం అడిగే పిల్లల దగ్గర్నుంచి కాదు. నిన్ను పిలిచినావిడ ఎలాంటిదో వెయిటింగ్ రూమ్‌లో అరగంట కూర్చుంటే తెలిసిపోతుంది, టైమ్‌కి పిలుస్తున్నారా, వెళ్ళిపోయేవాళ్ళకి థాంక్స్ చెప్తున్నారా, చిన్నపిల్లలొస్తే పక్కన అమ్మని కూర్చోనిస్తున్నారా, తలుపు మూసి ఒంటరిగా ఎవర్నైనా టెస్ట్ చేస్తున్నారా. 2019లో ఇక్కడి సినిమా వాళ్ళ మీద ఆడవాళ్ళు వరసగా బయటికొచ్చి వేధింపుల గురించి మాట్లాడిన తర్వాత నాకు తెలిసిన మంచి ఆఫీసులు గదిలో ఇద్దరు ఉండాలన్న పద్ధతి పెట్టుకున్నాయి, అక్కడ అది లేదంటే ఎందుకు లేదో అడుగు.

అమ్మకి ఏం చెప్పాలో నాకూ తెలీదమ్మా, మా అమ్మకి నేను చెప్పలేదు. పోయేదాకా ఆవిడ నేను సినిమాల్లో చేస్తున్నాననే అనుకుంది, రాజమండ్రి వెళ్ళినప్పుడల్లా పక్కింటివాళ్ళని పిలిచి 'మా అమ్మాయి మెక్సికో సినిమాలో ఉంది' అనేది, నేనూ ఔనని తలూపేదాన్ని. ఉన్నాను కదా మరి. నువ్వు నాలా చెయ్యకు, ఒకసారి మీ అమ్మ ఇక్కడికొచ్చినప్పుడు ఆఫీసుకి తీసుకెళ్ళి ఒక మూల కూర్చోబెట్టు, ఎవరో ఒక కుర్రాడు భయంభయంగా వచ్చి నీ ఎదురుగా నిలబడి, నువ్వందించిన మాట పట్టుకుని మెల్లిగా తేలికపడి బాగా చేసి వెళ్ళడం ఆవిడని చూడనీ. భాష అర్థం కాకపోయినా పర్లేదు.

మొదటి రోజు వెళ్ళేటప్పుడు రెండు లీటర్ల నీళ్ళు పట్టుకెళ్ళు, వాళ్ళిచ్చే చల్లటి కోక్ తాగకు, గొంతు పోతుంది. అదే డైలాగు సాయంత్రానికి అరవై సార్లు చదువుతావు. అరవయ్యో మనిషికి కూడా మొదటి మనిషికి చదివినట్టే చదువు, ఎందుకంటే పొద్దున ఆరింటికి తొలూకా నుంచి బస్సెక్కి వచ్చినవాడు అతనే అయ్యుంటాడు.